చిరుతిండిలో పప్పుల పొత్తు

బడినుండి వచ్చిన పిల్లలు సంచి దింపి మొట్టమొదట అడుగు మాట "తినుటకేమున్నది?" అని. ఆ మాటకు ప్రతి యింటను సమాధానము ఉండవలసినదే. కాని ఆ వేళకు తల్లి కార్యాలయములోను, తండ్రి త్రోవలోను ఉండు కుటుంబములు నేడు అనేకములు. వారి సౌకర్యార్థము, మాంసకృత్తులు అధికముగా గల చిరువంటకములను దేశదేశముల రుచులు మేళవించి ఇంటనే చేసికొను పద్ధతులు ఇటీవల విరివిగా ప్రచారములోనికి వచ్చినవి. భోజనమునకు ముందు వడ్డించు ఇట్టి వంటకములను హోటళ్లవారు స్టార్టర్లు అందురు. రుచుల కలయికకు ఫ్యూజన్ అని పేరు పెట్టిరి.

పేర్లు క్రొత్తవి. వస్తువు మాత్రము మిక్కిలి ప్రాతది. మన యింటి గారె, పెసరట్టు, ఇడ్లి మొదలగువానిలో దేనిని విప్పి చూచినను, లోపల ఒక పప్పును, ఏదో యొక పరదేశపు వస్తువునో పద్ధతినో కనుగొనవచ్చును. అట్లయినచో ఇంత బలమైన తిండి ప్రతిదినము సాయంకాలము పిల్లల చేతికి ఏల అందలేదు? పప్పునకు కరవు వచ్చిన ఏండ్లు లేకపోలేదు. కాని పప్పున్న యిండ్లలోనైనను దానిని నానబెట్టి, రుబ్బి, కాల్చి పెట్టు చేతులకు తీరిక ఉండలేదు. ఈ చిరుతిండి చరిత్రలో సగము పప్పు చరిత్ర. మిగిలిన సగము ఆ చేతుల చరిత్ర. రెండింటిని కలిపి చెప్పుటకు పూనుకొనుచున్నాము.

ముందుగా ఒక మాట. ప్రోటీను అను పేరును 1838లో హాలెండు దేశపు రసాయన శాస్త్రజ్ఞుడు ముల్డరు ప్రచురించెను. ఆ పేరును సూచించినది స్వీడను పండితుడు బెర్జీలియసు. ప్రథమస్థానము గలది అని మూలమైన గ్రీకు మాటకు అర్థము. మనవారు దానిని మాంసకృత్తు అని తెనిగించిరి. ఆ పేరు వినగానే శాకాహారుల యిండ్లలో ఇది మనకు సంబంధించినది కాదను భావము కలుగుట సహజమే. పేరులో మాంసమున్నను పదార్థము పప్పులో పుష్కలముగా నున్నది. నూరు గ్రాముల మినపపప్పులోను పెసరపప్పులోను సుమారు 24 గ్రాములు, వేరుసెనగ పప్పులో 25 గ్రాములు, ఉలవలలో 22 గ్రాములు మాంసకృత్తులుండగా, అంతే తూకపు బియ్యములో ఏడెనిమిది గ్రాములకు మించవు. అయితే బియ్యము నిష్ప్రయోజనము కాదు. వరి, గోధుమ మొదలైన ధాన్యములలో లైసీను అను ఆమ్లము కొరత. పప్పులలో అది మెండు. పప్పులలో మిథియొనీను కొరత. ధాన్యము ఆ కొరతను కొంత తీర్చును. రెండును కలసినప్పుడు ఒకదాని లోపమును మరియొకటి పూరించును. ఈ రహస్యము ప్రయోగశాలలకు తెలియవచ్చినది ఇరువదవ శతాబ్దమున. కాని వంటయింటికి అది అంతకుముందే చేతి వాడుకలో నుండెను.

ఎంత ముందో పురావస్తు పరిశోధకులు చూపిరి. బళ్లారి సమీపమునగల సంగనకల్లు, కడప జిల్లాలోని పెద్దముడియము మొదలైన నవీన శిలాయుగపు గ్రామస్థలములలో మాడి బొగ్గైన గింజలు లభించినవి. వంట చెడిన పొయ్యియే చరిత్రకారునకు నిక్షేపము. ఏలయన బాగుగా ఉడికిన గింజ తినబడును, తినక మిగిలినది కుళ్లిపోవును, మాడినది మాత్రము వేల ఏండ్లు నిలుచును. డోరియన్ ఫుల్లరు, ఆయన సహచరులు ఆ స్థలముల మట్టిని నీట కలిపి, పైకి తేలిన గింజలను పరిశీలించి, సుమారు 4,000 సంవత్సరముల క్రిందట అచ్చటి వారికి ముఖ్యాహారములు ఉలవలు, పెసలు, అండుకొర్ర, కొర్రజాతికి చెందిన మరియొక చిరుధాన్యము అని తేల్చిరి. అనగా మన దక్కనులో తొలి రైతు పొలమునందే పప్పును ధాన్యమును జంటగా పండించినాడు. ఆనాటి చిరుతిండి ఏమైయుండునో వ్రాసి పెట్టినవారు లేరు. కాని ఉలవలు చేతనున్నవానికి, కుండ ఉన్నవానికి, అన్నిటికంటె సుళువైన తిండి గుగ్గిళ్లేయని వేరుగ చెప్పనక్కరలేదు. నానవేయుట, ఉడికించుట, ఉప్పు చల్లుట, అంతటితో సరి. రుబ్బు పని లేదు, నూనె అక్కరలేదు. నేటికిని ఉలవ గుగ్గిళ్లు మన పల్లెలలో నిలిచియుండుటకు కారణము రుచి మాత్రమే కాదు, వానికి మనిషి తీరిక అంతగా అక్కరలేకపోవుట.

రుబ్బుడు వంటకముల సంగతి అట్లు కాదు. వానికి లిఖిత సాక్ష్యము మనకు రాజుల వంటశాలలనుండి వచ్చినది. కల్యాణి చాళుక్యరాజైన మూడవ సోమేశ్వరుడు పండ్రెండవ శతాబ్దపు పూర్వార్ధమున మానసోల్లాసము అను సంస్కృత గ్రంథమును రచించెను. దానికే అభిలషితార్థ చింతామణి అని మరియొక పేరు. నేటి తెలంగాణములో పెద్ద భాగము అప్పుడు ఆ రాజ్యములోనిదే గావున, అది మనకు పరాయి రాజు మాట కాదు. ఆ గ్రంథములోని అన్నభోగ ప్రకరణమున ఘారిక, వటకము, ఇడ్డరిక, దోసకము అను పేర్లు కనుపించును. ఘారికయే మన గారె అని పేరే చెప్పుచున్నట్లున్నది. మినపముద్దకు చిల్లులు పెట్టి వేచినది ఘారిక. ఆ చిల్లు అలంకారము కొరకు కాదు. దళసరి ముద్దలో కాగిన నూనె లోపలినుండియు తగిలి, పై భాగము మాడకమునుపే నడుమ భాగము ఉడుకుటకు. మూకుడు ముందు నిలిచి కనిపెట్టిన ఉపాయమది.

ఇడ్డరిక విషయమున ఒక వింత కలదు. దానిలో బియ్యము లేదు! సన్నని మినపపిండిని ఉండలుగా చేసి, నేతిలో వేచి, మిరియము, జీలకఱ్ఱ, ఇంగువ చల్లినట్లు వర్ణన. అంతకు పూర్వము క్రీ. శ. 920 ప్రాంతపు కన్నడ గ్రంథమైన వడ్డారాధనెయందు ఇడ్డలిగె అను పేరున్నది. అచ్చటను బియ్యపు ప్రసక్తి లేదు. మినుమును బియ్యమును కలిపి, పులియబెట్టి, ఆవిరిపై ఉడికించు నేటి ఇడ్లి పిమ్మట కుదిరిన సమ్మేళనమన్నమాట. ఆ పద్ధతి ఎచ్చటనుండి వచ్చినది? హైదరాబాదు ప్రాంతీయ పరిశోధనాలయములో నూనెల రసాయనమునందు కృషిచేసి, తరువాత భారతీయాహార చరిత్రకారుడుగా ప్రసిద్ధులైన కె. టి. అచయగారు, పులియబెట్టి ఆవిరిపై వండు వాడుక ఇండోనీషియానుండి రాజకుటుంబముల వంటవారి వెంట వచ్చియుండునని ఊహించిరి. దీనిని అందరును అంగీకరింపలేదు. మాకును ఊహగానే తోచుచున్నది. మన ఎండకు రాత్రి మూతపెట్టిన పిండి ఎవరి సహాయము లేకయే పులియగలదు. కాని మినుము ఒక్కటే ఉన్న వంటకమునకు బియ్యము వచ్చి చేరినదన్న మాటయందు సందేహము లేదు. మన నిత్య ఫలహారమే ఫ్యూజన్.

పెసరట్టు మాట చెప్పుదుము. పెసలు సంగనకల్లు నాటివి. అందులో వేయు పచ్చిమిరప అమెరికా ఖండములో పుట్టి, ఐరోపా నావికుల ఓడలలో వచ్చి మన తీరము చేరినది. నడుమ పెట్టు ఉప్మాకు రవ్వ గోధుమది. నంజుకొను పల్లీ చట్నీలోని వేరుసెనగయు అమెరికా ఖండపు సంతానమే. ఇన్ని దేశములు ఒక అట్టులో ఒదిగినవి. తినువానికి అదంతయు తెనాలిదో కాకినాడదో అనిపించును. కలసినది కలసినట్లు తెలియకుండుటయే కలయికకు పరాకాష్ఠ గదా!

అన్నిటికంటె మాకు ఆశ్చర్యము కలిగించినది అలసంద. మన పల్లెలలో అలసంద గారెలు, బొబ్బర గారెలు అనగా తెలియనివారు లేరు. ఆ గింజ పుట్టుక ఆఫ్రికాలో. అతి ప్రాచీన కాలముననే అది సముద్రము దాటి మన దేశమునకు వచ్చినది. ఇక పశ్చిమాఫ్రికాలో, నైజీరియా ప్రాంతపు యోరుబా జాతివారు ఇదే అలసందను నానబెట్టి, పొట్టు తీసి, రుబ్బి, ఉల్లి మిరప చేర్చి నూనెలో వేతురు. దానిని అకరా అందురు. మనకును వారికిని వంటలో సంప్రదింపు జరిగినట్లు సాక్ష్యము లేదు. గింజ ఒకటే అయినందున చేతులు ఒకే దారిని కనుగొన్నవి. ఆ యోరుబా జనులను బానిసలుగా పట్టి అట్లాంటిక్ ఆవలి బ్రెజిలు దేశమునకు కొనిపోయిరి. వారు సర్వమును కోల్పోయినను అకరా చేయు నేర్పును పోగొట్టుకొనలేదు. బ్రెజిలులోని బయియా రాష్ట్రమున తెల్లని వస్త్రములు ధరించిన స్త్రీలు వీధి మలుపులలో కూర్చుండి, ఎఱ్ఱని తాటిజాతి నూనెలో అలసంద ముద్దలు వేచి, నడుమ చీల్చి, రొయ్యలతో నింపి అమ్ముచుందురు. అచ్చట దాని పేరు అకరజే. పప్పు వడలో రొయ్య కూర! ఏ హోటలువాడును కనిపెట్టక పూర్వమే బానిసల బిడ్డలు కూర్చిన స్టార్టరు అది.

ఇంత గొప్ప తిండి మన యిండ్లలో పండుగలకును, తద్దినములకును, అల్లుడు వచ్చిన దినమునకును ఏల పరిమితమైనది? రోలు చెప్పును సమాధానము. మినపపప్పు నాలుగు గంటలు నానవలెను. పిమ్మట రుబ్బురోటి ముందు పీట వేసికొని, ఒక చేత పొత్రము త్రిప్పుచు, రెండవ చేత పిండిని లోనికి త్రోయుచు, అప్పుడప్పుడు తడి చిలుకరించుచు, భుజము పట్టివేయువరకు తిప్పవలెను. గారెల పిండి గట్టిగా ఉండవలెను. నీరెక్కువైనచో నూనె పీల్చును. గట్టి పిండి రుబ్బుట మరింత కష్టము. పదిమంది కుటుంబమునకు కావలసిన పిండి అనగా ఒక ఆడుమనిషి మధ్యాహ్నమంతయు. సోమేశ్వరుడు ఘారికను వర్ణించెను గాని దానిని రుబ్బినవారెవరో చెప్పలేదు. వంటల చరిత్రలు వ్రాయువారందరును ఈ విషయమున ఆ రాజువంటివారే. అందుచేత సాధారణ దినములలో పిల్లలకు దొరకినది అటుకులు, మరమరాలు, బెల్లపు ముక్క. ఇవి చెడ్డవని మేము అనము; కాని పప్పు వానిలో లేదు.

తరువాత ఉమ్మడి కుటుంబములు చీలినవి. తల్లులు ఉద్యోగములకు వెడలిరి. రోలు పెరటిలో ఒరిగినది. ఆ ఖాళీ చోటులోనికి బజారు ప్రవేశించినది: మైదాతో చేసిన బిస్కట్టులు, పఫ్‌లు, 1980లనుండి రెండు నిమిషములలో ఉడుకు నూడుల్సు. అవి గెలిచినది రుచిచేత కాదు, తీరిక లేని యింటికి తీరికను అమ్ముటచేత. ఈ మాట మనసునందు ఉంచుకొని, అదే శతాబ్దమున ప్రయోగశాలలలో జరిగిన కథను వినవలెను.

వైద్యురాలు సిసిలీ విలియమ్సు నేటి ఘనాయైన గోల్డుకోస్టులో పనిచేయుచు, కాళ్లు ఉబ్బి, చర్మము పొరలూడి, జుట్టు రంగు మారిన పసిపిల్లల వ్యాధినొకదానిని 1933లో వర్ణించెను. 1935లో దానికి అచ్చటి జనులు పిలుచు క్వాషియోర్కర్ అను పేరునే వాడెను. తరువాతి శిశువు పుట్టగా తల్లి ఒడినుండి దిగిపోయిన బిడ్డకు వచ్చు జబ్బని ఆ గా భాషాపదమునకు భావము. చనుబాలు తప్పి, గంజివంటి పిండి తిండి మాత్రమే మిగిలిన బిడ్డ అన్నమాట. దీనికి మూలము మాంసకృత్తుల కొరతయను అభిప్రాయము క్రమముగా బలపడి, లోకమంతటను ఆ కొరతను తీర్చవలెనను ఉద్యమము బయలుదేరినది.

ఆ రోజులలోనే అమెరికాలోని లాస్ ఏంజిలీసు నగరమున భోజనశాలలు నడుపుచుండిన క్లిఫర్డు క్లింటను అను ఆయన, చవకగా బలమిచ్చు పొడినొకదానిని తయారుచేయుమని హెన్రీ బోర్సూక్ అను జీవరసాయన శాస్త్రజ్ఞుని కోరెను. సోయా చిక్కుడు ప్రధానముగా తయారైన ఆ పొడికి బహుళార్థసాధకాహారమని అర్థము వచ్చు పేరు పెట్టి, 1946లో మీల్స్ ఫర్ మిలియన్స్ అను సంస్థ స్థాపించి దేశదేశములకు పంపిరి. 1950లో మైసూరున కేంద్ర ఆహార సాంకేతిక పరిశోధన సంస్థ ఏర్పడినది. అచ్చటివారు ఆ అమెరికా ఆలోచనను తీసికొని, సోయాను తొలగించి, మన పొలములలోని గింజలతో భారతీయ రూపము కల్పించిరి. నూనె తీసిన వేరుసెనగ పిండి 75 పాళ్లు, సెనగపిండి 25 పాళ్లు. దానికి విటమినులు, సున్నము చేర్చిరి. నూటికి 42 పాళ్లు మాంసకృత్తులు. ఎంత చక్కని ఆలోచనయో గమనింపుడు: పందొమ్మిదవ శతాబ్దమునుండి మన వేరుసెనగ మార్సేల్ రేవునకు ఎగుమతియై, దాని నూనె ఫ్రెంచివారి సబ్బు అగుచుండెను, మన గానుగలలో మిగిలిన పిండి పశువుల తొట్టికిని పొలములోని ఎరువునకును పోవుచుండెను. అన్నిటికంటె బలమైన భాగము మనిషికి అందనేలేదు. దానిని మనిషి తిండిగా మార్చుట మైసూరువారి సంకల్పము.

దానికి రెండు ఆటంకములు వచ్చినవి. 1960లో ఇంగ్లండున లక్ష టర్కీ కోళ్లు వింత జబ్బుతో చచ్చినవి. వెదకి చూడగా వానికి పెట్టిన వేరుసెనగ పిండిలో బూజువలన పుట్టిన విషము కనుపించినది. దానినే అఫ్లటాక్సిన్ అందురు. తడిసి బూజెక్కిన పల్లీలను, ముడుతలుపడి రంగు మారినవానిని ఏరి పారవేయవలెనని అప్పటినుండి లోకము నేర్చుకొన్నది. ఇంటివారును దానిని మరువరాదు, వేయించినంత మాత్రమున ఆ విషము పూర్తిగా పోదు. రెండవ ఆటంకము మరింత సామాన్యమైనది. పొడిని ఎంత పుణ్యమైనదని చెప్పినను, రుచి లేనిదానిని పిల్లలు తినరు.

ఈ ఉద్యమమును ఒక మలుపు త్రిప్పినది హైదరాబాదు. 1918లో కూనూరున చిన్న పరిశోధనగా ఆరంభమైన పోషకాహార పరిశోధనాలయము 1958లో హైదరాబాదునకు తరలివచ్చినది. 1969లో జాతీయ పోషకాహార సంస్థ అను పేరు దాల్చినది. దాని అధ్యక్షులైన డాక్టరు సి. గోపాలన్‌గారు, క్వాషియోర్కర్ వచ్చిన పిల్లల తిండికిని, ఎండి కృశించిన పిల్లల తిండికిని మాంసకృత్తులలో చెప్పుకోదగిన భేదము లేదని 1968లో చూపిరి. ఇరువురికిని మొత్తము తిండియే చాలుటలేదు. పిమ్మట హైదరాబాదు పరిసర గ్రామములలో పసిపిల్లలకు దినమునకు 310 కెలోరీలు, 3 గ్రాముల మాంసకృత్తులు మాత్రమే గల తినుబండారమును పెట్టి చూడగా, వారు తక్కిన పిల్లలకంటె బాగుగా ఎదిగిరి. 1973లో ఆ ఫలితము ప్రచురితమైనది. కడుపు నిండనిచో తిన్న మాంసకృత్తులుకూడ పొయ్యిలో కట్టెలవలె కాలిపోవునని దాని సారాంశము. మరుసటి ఏడు, 1974లో, మెక్‌లారెన్ అను వైద్యుడు లాన్సెట్ పత్రికలో ప్రోటీను ఉద్యమమంతయు మహా వైఫల్యమని ఘాటుగా వ్రాసెను.

ఇట్లన్నందున పప్పు అక్కరలేదని కాదు. హైదరాబాదు సంస్థవారే హైదరాబాదు మిక్స్ అను మిశ్రమమును రూపొందించిరి: వేయించిన గోధుమలు 40 గ్రాములు, సెనగలు 16, వేరుసెనగలు 10, బెల్లము 20. ఈ 86 గ్రాములలో 330 కెలోరీలు, 11 గ్రాములకు మించి మాంసకృత్తులు లభించును. ధాన్యము, పప్పు, నూనెగింజ, తీపి. మన అవ్వలు సున్నియుండలో చేసిన పనిని శాస్త్రము తూచి చెప్పినది. నేడు డబ్బాలలో ఖరీదుగా అమ్ము ప్రోటీను పొడులను చూచి తల్లిదండ్రులు బెదరుట మాకు కష్టముగా నుండును. ఏడునుండి తొమ్మిది ఏండ్లవరకు గల పిల్లలకు దినమునకు కావలసినది సుమారు 23 గ్రాములు. అన్నము, పప్పు, పాలు, పెరుగు తినునట్టి పిల్లలకు సాయంకాలము ఎనిమిది గ్రాములు చేరినచో అది తక్కువ సాయము కాదు.

ఇక మరల చేతుల కథ. 1955లో కోయంబత్తూరున పి. సభాపతి అను ఆయన రుబ్బురోటికి విద్యుత్తు మోటారు బిగించి వెట్ గ్రైండరు తయారుచేసెను. రాయి అదే, పొత్రము అదే. భుజము మాత్రము మనిషిది కాదు. 1960లలో ముంబయిలో మాధురీ మాథుర్ అను గృహిణి జర్మనీ దేశపు మిక్సరును వాడుచుండగా, మన పప్పులను, పసుపు కొమ్ములను నూరలేక అది కాలిపోయెను. ఇంజనీరైన ఆమె భర్త సత్యప్రకాశ్ మాథుర్ మన వంటకు తాళగల మోటారుతో సుమీత్ మిక్సీని రూపొందించెను. ఐరోపా వంటింటి యంత్రమును మినపపప్పు ఓడించి, దానిని భారతీయముగా మార్చినదన్నమాట! ఈ రెండు యంత్రములును, వానివెంట ప్రెషరు కుక్కరు, ఫ్రిజ్, సోమేశ్వరుని వంటశాలకు ఎందరో సేవకులున్నంత బలమును సామాన్య గృహమునకు ఇచ్చినవి. ఇవి బజారు తిండికంటె కొంచెము ముందుగా అందరి యిండ్లకు వచ్చియున్నచో కథ మరియొక తీరున నడిచియుండునని మాకు తోచును.

అదే 1960లలో సోయా మన దేశమునకు పెద్ద యెత్తున వచ్చినది. పంత్‌నగరు, జబల్పూరు వ్యవసాయ విశ్వవిద్యాలయములు అమెరికాలోని ఇలినాయ్ విశ్వవిద్యాలయముతో కలసి దానిని పండించి పరీక్షించినవి. పిమ్మట మధ్యప్రదేశము సోయాకు పుట్టినిల్లైనట్లైనది. నూనె తీసిన సోయాపిండిని వేడిమితో ఒత్తి, చిన్న రంధ్రమునుండి ఒక్కసారిగా బయటకు విడువగా, లోపలి నీరు ఆవిరియై పొంగి, స్పంజివంటి ఉండలేర్పడును. తెలుగువారు వానిని మీల్ మేకర్ అందురు. పొడిగానున్న మీల్ మేకర్ తూకములో సగము మాంసకృత్తులే.

దీనిని మన పాత వంటకమొకదానితో కలుపు విధము చెప్పుదుము. హైదరాబాదు వంటలలో శికంపూర్ కబాబు ప్రసిద్ధము. నిండిన పొట్ట యని ఆ పారసీక పదములకు అర్థము. మాంసమును సెనగపప్పుతో ఉడికించి, రుబ్బి, ముద్ద నడుమ గట్టి పెరుగు, ఉల్లి, పుదీన పెట్టి కాల్తురు. పారసీకపు పేరు, దక్కను పప్పు, అమెరికా మిరప. అందులో మాంసమునకు బదులు మీల్ మేకర్ చేర్చినచో క్రొత్త అతిథి ఒకడు పెరిగినట్లే. మాంసాహారులు కైమాతోనే చేసికొనవచ్చును.

ఉదయము కార్యాలయమునకు వెడలుచు నూరు గ్రాముల సెనగపప్పు నానవేయవలెను. రాత్రి దానిని అల్లము, వెల్లుల్లి, రెండు ఎండుమిరపకాయలు, జీలకఱ్ఱతో కుక్కరులో పలుకు విరుగునంతవరకు మాత్రము ఉడికించి, మిగిలిన నీరు పూర్తిగా వంచవలెను. ఆ నీటితో చారు కాచుకొనవచ్చును. వేరుగా యాబది గ్రాముల మీల్ మేకర్‌ను మరుగు నీటిలో అయిదు నిమిషములుంచి, చల్లని నీట కడిగి, రెండు చేతులతో గట్టిగా పిండవలెను. పచ్చి సోయా వాసన ఆ నీటితోనే పోవును; పిండుట సగము చేసినచో వాసనయు మిగులును, ముద్దయు పెనముపై విడిపోవును. రెండింటిని మిక్సీలో నీరు పోయక త్రిప్పి, ఉప్పు, కొత్తిమీర, కొంచెము గరము మసాలా కలిపి ఫ్రిజ్‌లో ఉంచవలెను. పెరుగును పలుచని బట్టలో కట్టి అదే రాత్రి వ్రేలాడదీసినచో ప్రొద్దుటికి గట్టిపడును. దానినికూడ ఫ్రిజ్‌లో పెట్టి వెడలవలెను.

మరునాటి సాయంకాలమునకు మిగిలిన పని పావుగంటది. ముద్దను పండ్రెండు ఉండలు చేసి, అరచేతిలో గుంటగా ఒత్తి, సన్నగా తరిగిన ఉల్లి, పుదీన కలిపిన పెరుగు అరచెంచా పెట్టి మూసి, బిళ్లగా అదిమి, పెనముపై కొలది నూనెతో రెండు వైపుల ఎఱ్ఱగా కాల్చవలెను. పప్పునుండి సుమారు 20 గ్రాములు, మీల్ మేకర్‌నుండి 25 గ్రాములు, పెరుగునుండి మరికొంత; లెక్కకు ఒక్కొక్క బిళ్లలో సుమారు నాలుగు గ్రాములుండును. అట్టు ముక్కలోనో చపాతీలోనో చుట్టి ఇచ్చినచో ధాన్యముతో పొత్తుకూడ కుదురును. పుల్లని తొక్కుపచ్చడి ఏదైనను దీనికి నప్పును. గోంగూర మరింత బాగుండును.

ముద్ద ఫ్రిజ్‌లో రెండు దినములు చెడదు గాని, పెరుగు కూరినది ఆ పూటయే కాల్చవలెను. మూయు పని తండ్రులకును, ఏడెనిమిది ఏండ్ల పిల్లలకును తేలికగా అలవడును. పిల్లలకు గుంటలో పెరుగు పెట్టుట ఆటవలె నుండును. మొదటి రెండు మూడు పగిలి, పెరుగు పెనముపై కారినచో, అట్లకాడతో గీకి ప్రక్కకు నెట్టి, తరువాతివి ఇంకొంచెము దళసరిగా మూయవలెను.